సురేష్ ప్రొడక్షన్స్ ఇన్నేళ్లు ఎలా నిలబడింది?

మిత్రులతో కలిసి చిన్న సినిమా సంస్థ పెట్టాలనుకుంటున్నామని, సురేష్ ప్రొడక్షన్స్ అరవై ఏళ్లు ఎలా నెగ్గుకొచ్చిందో చెప్పమని అడిగారు. తొంభైల్లో విజయవాడ గాంధీనగర్‌లోని ఓ పంపిణీ ఆఫీసు తరఫున రెప్‌గా, అంటే థియేటర్లలో వసూళ్ల లెక్క చూసే ప్రతినిధిగా, ఊళ్లు తిరిగాను. కాబట్టి నా జవాబు బుకింగ్ కౌంటర్ పక్క నుంచే ఉంటుంది.

కారంచేడు రైతు కుటుంబం నుంచి మద్రాసు వెళ్లిన డి.రామానాయుడు పెద్దకొడుకు పేరు మీద ఈ బ్యానర్ పెట్టి, 1964లో 'రాముడు భీముడు' తీశారు. ఎన్టీఆర్ తొలి ద్విపాత్రాభినయం, పెద్ద హిట్. (బ్యానర్ గుర్తులో ఎస్, పి అక్షరాల మీద నిలబడ్డ పిల్లలు సురేష్, వెంకటేష్‌లే.) తర్వాత వరసగా దెబ్బలు తగిలాయి. 1971లో 'ప్రేమనగర్' కూడా పోతే ఊరెళ్లి వ్యవసాయం చేసుకోవడమే అనుకున్నానని ఆయనే చెప్పేవారు. వానల్లో విడుదలైనా జనం ఎగబడ్డారు. నాకు ఆ హిట్ కంటే తర్వాత ఆయన చేసిన పని గొప్పగా అనిపిస్తుంది. అదే కథను, అదే దర్శకుడు కె.ఎస్.ప్రకాశరావుతో 1972లో తమిళంలో శివాజీ గణేశన్‌ని, 1974లో హిందీలో రాజేష్ ఖన్నాని పెట్టి మళ్లీ తీశారు. ఆ తర్వాత భాషలు దాటడం ఆయనకు అలవాటైపోయింది. రితుపర్ణో ఘోష్ బెంగాలీ సినిమా 'అసుఖ్'కి డబ్బు పెట్టింది కూడా ఆయనే.

ఇక పంపిణీ. అవుట్‌రైట్‌గా, అంటే ఒకే ధరకి హక్కులన్నీ అమ్మేస్తే డబ్బు చేతికొస్తుంది, లెక్క చేజారుతుంది. మినిమం గ్యారంటీ అయితే, అంటే సినిమా కొన్న బయ్యర్ ముందే ఓ కనీస మొత్తం ఇస్తే, ఆ మొత్తం దాటాక వచ్చే ఓవర్‌ఫ్లోస్‌లో వాటా రావాలి, కానీ దాటిందో లేదో చెప్పేది బయ్యరే! రెప్‌గా నా పని ఆట మొదలయ్యేముందు ప్రతి క్లాసు టికెట్ పుస్తకంలో మొదటి నంబరు, కౌంటర్ మూశాక చివరి నంబరు రాసుకోవడం, తేడా లెక్కగట్టి డీసీఆర్ (రోజువారీ వసూళ్ల నివేదిక) మీద మేనేజర్ సంతకం తీసుకోవడం. ఓ ఊళ్లో నంబర్లన్నీ సరిగ్గానే ఉన్నాయి, హాల్లోకి తొంగిచూస్తే నడవ నిండా మడత కుర్చీలు. వాటికి టికెట్లే లేవు. అడిగితే "మావాళ్లేలెండి, చుట్టాలు" అన్నాడు మేనేజరు. ఊరంతా చుట్టాలే పాపం.

సురేష్ వాళ్లు సినిమా తీసి చేతులు దులుపుకోకుండా సొంత పంపిణీ, స్టూడియో, థియేటర్ల దాకా వెళ్లడానికి ఇలాంటి చుట్టాలే కారణమని నా నమ్మకం. ఒకచోట పోయింది ఇంకోచోట రాబట్టుకోవచ్చు. ఆ పట్టు ఉండబట్టే 2016లో 'పెళ్లిచూపులు', 2018లో 'కేరాఫ్ కంచరపాలెం' లాంటి, బయటివాళ్లు తీసిన చిన్న సినిమాలను కూడా జనం దాకా చేర్చగలిగారు. కంచరపాలెంలో నటించింది చాలావరకు ఆ పేటవాళ్లే, పోస్టర్ మీద స్టార్ మొహం ఒక్కటీ లేదు. థియేటర్లు కొద్దిమంది చేతుల్లో ఉన్నాయని చిన్న నిర్మాతలు గొడవపెడతారు. అందులో న్యాయం ఉంది, కానీ ఆ చేతుల్లో ఒకటి మీ సినిమా పట్టుకుంటే మాత్రం కథే వేరు.

మీరు సంస్థ పెడితే స్టూడియో జోలికి ఇప్పుడే పోకండి. పంపిణీదారుతో రాసుకునే అగ్రిమెంట్‌లో మాత్రం రోజువారీ డీసీఆర్ కాపీ నేరుగా మీకు రావాలని పెట్టించండి. నెలాఖరుకి పంపుతామంటే ఒప్పుకోకండి.