లియోనార్డో నోట్‌బుక్స్ ఆన్‌లైన్లో ఎక్కణ్ణించి మొదలుపెట్టాలి?

ప్రశ్న: లియోనార్డో డా విన్చీ నోట్‌బుక్స్ స్కాన్ చేసి ఫ్రీగా పెట్టారని తెలిసి ఎంతో ఆశగా కోడెక్స్ (చేతిరాత కాగితాల పుస్తకం) అట్లాంటికస్ ఓపెన్ చేశానండి. ఒక పేజీలో మిషను, పక్క పేజీలో లెక్కలు, ఇంకోదాంట్లో సగం గీసి వదిలేసిన బొమ్మ. రాత ఒక్క ముక్క అర్థం కాలేదు, పది నిమిషాలకే మూసేశాను. సైన్సంటే ఇష్టం ఉండి ఇటాలియన్ రానివాళ్ళకి దారేమైనా ఉందా?

జవాబు: ఉందండి, తప్పు మీది కానే కాదు. అట్లాంటికస్ అసలు లియోనార్డో ఒక వరసలో రాసుకున్న పుస్తకం కాదు. 1519లో ఆయన పోయాక కాగితాలన్నీ శిష్యుడు ఫ్రాంచెస్కో మెల్జీ భద్రంగా దాచాడు, మెల్జీ తర్వాత అవి తలో చోటికీ పోతుంటే పాంపియో లియోనీ అనే శిల్పి చాలావాటిని పోగుచేసి, కత్తిరించి, పెద్ద పెద్ద షీట్ల మీద అంటించాడు, రెండువైపులా రాత ఉంటే వెనకది కూడా కనపడాలని షీటుకి కిటికీలాగా కోత పెట్టాడు. ఇప్పుడు మిలాన్‌లోని అంబ్రోసియానా లైబ్రరీలో ఉన్న 1,119 కాగితాలు అలా చేరినవే, నలభై ఏళ్ళ రాతలు కలగలిసిపోయి ఉన్నాయి. వరసగా తిప్పుకుంటూ పోతే ఎవరికైనా తల తిరుగుతుంది.

నన్నడిగితే కోడెక్స్ ఫార్‌స్టర్‌తో మొదలుపెట్టండి. లండన్‌లోని విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియంలో ఉంది, స్కాన్లు వాళ్ళ సైట్లోనే చూడొచ్చు. అది మూడు సంపుటాలు, అందులో మూడోది అరచేతిలో పట్టేంత పుస్తకం, జేబులో వేసుకుని తిరిగి రాసుకున్నది. దాంట్లో ఒక పేజీ ఉంది, పైన ముసలావిడ మొహం, కింద ఎర్ర చాక్‌తో మసగ్గా ఏవో గీతలు. బాగా జూమ్ చేయండి. కొన్ని దిమ్మలు వరసగా ఉంటాయి, వాటికి తాడు కట్టి గిలక మీంచి వేలాడేసిన బరువు లాగుతుంటుంది. రాపిడి గురించి ఆయన వేసిన మొదటి బొమ్మలు ఇవేనని, 1493 నాటివని కేంబ్రిడ్జ్ ప్రొఫెసర్ ఇయాన్ హచింగ్స్ 2016లో చూపించారు, అంతకుముందు 1920ల్లో ఇవే గీతల్ని సంబంధం లేని రాతలని పక్కన పెట్టేశారు! బరువు రెట్టింపైతే రాపిడీ రెట్టింపవుతుంది, అదే వస్తువు వెడల్పు వైపు ఆనినా సన్న వైపు ఆనినా రాపిడి మారదు, ఇదీ ఆయన పట్టుకున్న సంగతి. ఆ కాగితాలు ఎవరూ చూడక, 1699లో అమోంటాన్స్ అనే ఫ్రెంచాయన మళ్ళీ మొదట్నించీ కనుక్కుని ప్రకటించాల్సొచ్చింది. ఒక చెక్క దిమ్మని టేబుల్ మీద పడుకోబెట్టి లాగండి, తర్వాత సన్న వైపు మీద పెట్టి లాగండి, ఆ పేజీకి ప్రాణం వస్తుంది.

ఇక రాత సంగతి. ఆయన ఎడమచేతి వాటం, కుడి నుంచి ఎడమకి అద్దంలో చూసినట్టు రాసేవాడు. స్క్రీన్‌షాట్ తీసి ఫోన్లో అడ్డంగా ఫ్లిప్ చేస్తే అక్షరాలు సరిగ్గా నిలబడతాయి, కానీ బొమ్మల్ని మాత్రం ఫ్లిప్ చేయకుండానే చూడండి, నీడల కోసం గీసిన గీతలు పైన ఎడమ నుంచి కిందకి కుడివైపు వాలి ఉంటాయి, ఎడమచెయ్యి అలా పోయిందని కళ్ళకి కట్టినట్టు తెలుస్తుంది. ఫ్లిప్ చేసినా చదవడం కష్టమే, పాత ఇటాలియన్, పదాలు కలిపేసి, కుదించేసి రాశాడు. అందుకే విన్చీ ఊళ్ళోని లియోనార్డియానా లైబ్రరీ వాళ్ళ ఈ-లియో అనే సైటు పక్కన తెరుచుకోండి, స్కాన్‌తోపాటు మామూలు అక్షరాల్లో టైప్ చేసిన పాఠం ఉంటుంది, పదం కొట్టి వెతకొచ్చు. ఇంగ్లీషు చదవగలిగితే 1883లో రిక్టర్ అనే పండితుడు అచ్చువేసిన అనువాదం ప్రాజెక్ట్ గుటెన్‌బర్గ్ అనే ఉచిత పుస్తకాల సైట్లో ఉంది, అన్నీ లేవుగానీ విషయాలవారీగా విడదీశారు, మొదట్లో అదే చాలు.

రోజుకి ఒక్క పేజీ కంటే ఎక్కువ వద్దండి. రాపిడి పేజీ అయ్యాక ట్యూరిన్‌లో ఉన్న, పక్షులు ఎలా ఎగురుతాయో రాసిన పుస్తకం తీయండి, 1505 ప్రాంతంలో రాసింది, 18 కాగితాలే, చాలావరకు ఒకటే విషయం కాబట్టి అది మాత్రం వరసగానే చదువుకోవచ్చు.