సందేహాలు – సమాధానాలు: చుక్కా, నక్షత్రమా?

సందేహం: నేనొక ఫాంటసీ నవల రాస్తున్నాను. అందులోని లోకంలో ఎన్నడూ అస్తమించని చుక్క ఒకటి ఉంటుంది. ఓడలవాళ్లు దాన్ని చూసే దారి పట్టుకుంటారు. దానికి 'ధృవతార' అని పేరు పెట్టాను. చదివిన స్నేహితుడు దాన్ని 'కాల్పనిక నక్షత్రం' అని మార్చి, చుక్క అన్న మాట ఉన్న చోటల్లా కొట్టేశాడు. ఆ మాట చులకనగా ఉంటుందట. ఏది సరైనది?

సమాధానం: ముందు అక్షరం సరిచేసుకుందాం. ధృవ కాదు, ధ్రువ. ధకారం కింద రావత్తు, దానికి కొమ్ము. వట్రసుడి లేదు. కదలనిది, నిశ్చయమైనది అని అర్థం. ధృతి, ధృతరాష్ట్రుడు అలవాటైన చెయ్యి దీన్నీ అలాగే రాసేస్తోంది. ఆఫీసు కాగితాల మీద 'ధృవీకరణ పత్రం' అని చూసి చూసి పిల్లలకు తప్పే ఒప్పయి కూర్చుంది. ఇది నిజమని రూఢి చేసే కాగితం మీదే ఆ మాట తప్పుగా కనిపిస్తే మనసు చివుక్కుమంటుంది.

'కాల్పనిక' తీసేయండి. మీ స్నేహితుడు నవల బయట నిలబడి ఆ మాట రాశాడు. ఆ చుక్క కల్పన అని మీకు తెలుసు, నాకు తెలుసు. రాత్రంతా దాని మీదే చూపు నిలిపి చుక్కాని పట్టుకునే మీ ఓడవాడికి అది కల్పన కాదు. (అన్నట్టు, చుక్కానికీ చుక్కకీ చుట్టరికం లేదు. అది అరబ్బీ 'సుక్కాన్' ఓడల మీద వచ్చి మనదైపోయిన మాట.)

ఇక చుక్క. ఈ మాటను చులకన అంటే నాకు కష్టంగా ఉంది. తమిళంలో చుక్కై, కన్నడంలో చుక్కి, గోండిలో సుక్కుం, అన్నీ ఆకాశంలో మెరిసేదానికే పేర్లు. శుక్ర శబ్దం నుంచి పుట్టిందనేవాళ్లు ఉన్నారు. అడవుల్లో మాట్లాడే గోండి, కువి భాషల దాకా పాకి ఉన్న మాటను సంస్కృతం ఖాతాలో వెయ్యడానికి నాకు మనసొప్పదు. బొట్టు, నీటిబిందువు, ముగ్గులో చుక్క, ఈ అర్థాలు ఎలాగూ మీకు తెలిసినవే.

దీనితో మనవాళ్లు కట్టిన పేర్లు చూడండి. వేగుచుక్క. ఇక్కడి వేగు అంటే తెల్లవారడం. వేకువ దాని తోబుట్టువు. వేగంతో దీనికి పొత్తు లేదు, గూఢచారి అనే వేగు వేరే మాట. అంటే ఆ చుక్క ఎప్పుడు కనిపిస్తుందో అదే దాని పేరైంది. చుక్కెదురు కూడా అంతే. శుక్రుడు ఎదురుగా ఉండగా ప్రయాణం పనికిరాదన్న నమ్మకం నుంచి పుట్టిన మాట. ఇవాళ పత్రికల్లో కోర్టు తీర్పు వచ్చిన ప్రతిసారీ ఎవరికో ఒకరికి చుక్కెదురవుతూనే ఉంటుంది. రాసేవాళ్లలో ఎందరికి ఆ చుక్క ఏదో తెలుసు? ఒక చుక్క ఆకాశంలో ఏ వైపున ఉందన్నది మనిషి ప్రయాణాన్ని ఆపేసిన లోకం ఈ ఒక్క మాటలో ఉంది. మీరు నవలలో కట్టాలనుకుంటున్నదీ అలాంటి లోకమే కదా.

నక్షత్రం గొప్ప మాటే. న క్షరతి, నశించనిది అని వ్యుత్పత్తి చెబుతారు. అమరకోశం నక్షత్రాన్నీ ఋక్షాన్నీ తారనూ ఒకే వరుసలో కూర్చింది. కానీ తెలుగు నోట అది కొంచెం ఇరుకైంది. "మీ నక్షత్రం ఏమిటి?" అని అడిగితే ఆకాశం వైపు ఎవరూ చూడరు, అశ్వినో భరణో చెబుతారు. చంద్రుడు తిరిగే దారిని 27 భాగాలు చేస్తే ఒక్కొక్కటి 13 డిగ్రీల 20 నిమిషాలు, అదీ నక్షత్రం. మీ లోకంలో అసలు చంద్రుడున్నాడా? లేకపోతే ఈ మాట వాడే ముందు ఒకసారి ఆలోచించండి. తార అందమైన మాట, సినిమావాళ్లు పట్టుకుపోయారు. ఋక్షం నుంచి వచ్చిన రిక్కను మనమే వదిలేశాం.

మీ ఉత్తరంలో ఇంకో వాక్యం ఉంది: "ఆ తార ఉత్తరాకాశంలో ప్రముఖ స్థానాన్ని కలిగి ఉంది." ఇది తెలుగు లిపిలో రాసిన ఇంగ్లీషు. చుక్కకు చోటు ఎలా చూపాలో పోతన దగ్గర నేర్చుకోండి. ఆయన భాగవతం ఎనిమిదో స్కంధంలో వామనుడు పెరుగుతున్నాడు:

ఇంతింతై వటుఁడింతయై మఱియుఁ దా నింతై నభోవీధిపై
నంతై తోయదమండలాగ్రమున కల్లంతై ప్రభారాశిపై
నంతై చంద్రుని కంతయై ధ్రువునిపై నంతై మహర్వాటిపై
నంతై సత్యపదోన్నతుం డగుచు బ్రహ్మాండాంత సంవర్ధియై.

చిన్నప్పటి నుంచి వింటున్న పద్యమే. ఈసారి నిచ్చెనలా చదవండి. మబ్బులు, వెలుగు, చంద్రుడు, ధ్రువుడు, మహర్లోకం, సత్యలోకం. పురాణాల లెక్కలో చంద్రుడి పైన నక్షత్రమండలం, గ్రహాలు, సప్తర్షులు దాటితేగానీ ధ్రువుడు రాడు. పోతన వాటన్నిటినీ ఒక్క అంగలో దాటించాడు. ధ్రువుడు ఎక్కడున్నాడో చెప్పలేదు, అక్కడిదాకా ఎదిగిన పిల్లవాణ్ణి చూపించాడు.

ఆ వెంటనే 'రవిబింబం బుపమింప' పద్యం. సూర్యుడు మొదట వామనుడి తలపై గొడుగు. తర్వాత శిరోరత్నం, చెవికి ఆభరణం, మెడలో నగ, భుజకీర్తి, చేతి కంకణం, నడుముకు గంట, కాలి అందె, చివరికి పాదపీఠం. సూర్యుడు ఉన్నచోటే ఉన్నాడు, ఎదిగింది పిల్లవాడు. ఎన్నిసార్లు చదివినా ఆ గంట దగ్గరికి వచ్చేసరికి నాకు ఒళ్లు పులకరిస్తుంది. అంతటి సూర్యుడు అప్పటికి మొలతాడు దగ్గరికి దిగిపోయాడు!

మీ ఓడవాడికీ అలా కొలత ఇవ్వండి. మన ఆకాశంలో ధ్రువనక్షత్రం ఎత్తు దాదాపు మనం నిలబడిన అక్షాంశమే. 17 డిగ్రీల అక్షాంశం దగ్గర అది దిగంతం మీద 17 డిగ్రీల ఎత్తున ఉంటుంది, ఉత్తరానికి పోయేకొద్దీ పైకెక్కుతుంది. బయల్దేరినప్పుడు ఓడ అంచున ఆనిన చుక్క, నెల తిరిగేసరికి తెరచాప కొయ్య సగానికి వచ్చిందని రాస్తే చాలు, 'స్థానం' అక్కర్లేదు.

పేరు మాటకొస్తే, నేనైతే 'నిలుచుక్క' అంటాను. నిఘంటువుల్లో వెతక్కండి, వేగుచుక్క అచ్చులోనే ఇప్పుడు పోసిన మాట. మీ చెవికి ఇంపుగా లేకపోతే వదిలేయండి. ఆ లోకంలో పండితులుంటే వాళ్ల నోట ధ్రువతార బాగానే ఉంటుంది. చంద్రుడూ పంచాంగమూ కూడా ఉంటే నక్షత్రానికీ నేను అడ్డు చెప్పను. ఓడవాళ్ల నోట మాత్రం చుక్కను చుక్కగానే ఉంచండి.