టెక్ సందేహాలు: నలుగురు హీరోలూ పోయారు, ఇక ఆట అయిపోయినట్టేనా?

సందేహం: డార్కెస్ట్ డంజియన్ ఆడుతున్నాను. కష్టపడి పెంచుకున్న నలుగురు హీరోలూ ఒకే యాత్రలో చనిపోయారు. పాత సేవ్ ఎక్కడా కనిపించడం లేదు. మళ్లీ మొదటి నుంచి ఆడాలా?

జవాబు: అక్కర్లేదు. కెనడాకు చెందిన రెడ్ హుక్ స్టూడియోస్ 2016లో తెచ్చిన ఈ గేమ్ ఎప్పటికప్పుడు తనే సేవ్ చేసుకుంటుంది. వెనక్కి వెళ్లే బటన్ కావాలనే పెట్టలేదు. హీరోలతో పాటు వాళ్ల ట్రింకెట్లూ (బలం పెంచే చిన్న వస్తువులు) పోతాయి, అది నిజంగా బాధే. కానీ ఊరు, దానికి మీరు చేసిన అప్‌గ్రేడ్‌లు అలాగే ఉంటాయి. ఆటలోని ప్రతి వారం స్టేజ్‌కోచ్‌లో (గుర్రబ్బండిలో) కొత్త హీరోలు ఉచితంగా వస్తారు.

చాలామంది హెల్త్ చూసుకుంటూ స్ట్రెస్‌ను వదిలేస్తారు. ఇక్కడ హెల్త్ సున్నాకు వచ్చినా హీరో వెంటనే చనిపోడు, డెత్స్ డోర్ దగ్గర, అంటే చావు అంచున, ఆగుతాడు. స్ట్రెస్ 100 దాటితే మాత్రం ఎక్కువసార్లు మతి చెడి, మీ మాట వినడు, తోటివాళ్లకూ టెన్షన్ పెంచుతాడు. 200కు చేరితే గుండెపోటే. అందుకే ముందు స్ట్రెస్ పెంచే శత్రువులను కొట్టండి. రూయిన్స్ అనే ప్రాంతంలో వెనక వరసలో గ్లాసు పట్టుకుని నిలబడే అస్థిపంజరం అలాంటిదే. ముందున్న కత్తివాడిని వదిలి, వెనక వరసను కొట్టగల హీరోలైన ప్లేగ్ డాక్టర్‌తోనో హైవేమన్ పిస్టల్‌తోనో దాని పని పట్టండి. టార్చ్ (కాగడా) వెలుగు తగ్గనివ్వకండి. చీకట్లో దొరికే సొత్తు ఎక్కువే అయినా, కొత్త జట్టుకు ఆ ఆశ వద్దు.

ఇక అసలు సంగతి. ఇద్దరు డెత్స్ డోర్ దగ్గరుంటే యాత్ర వదిలేసి వచ్చేయండి. కాస్త స్ట్రెస్ పెరుగుతుంది, యాత్ర బహుమతి రాదు. అప్పటివరకు ఏరుకున్న బంగారం మీదే, మనుషులూ మిగులుతారు. గేమ్ పేరున్న ఆ చివరి డంజియన్‌లో (నేలమాళిగలో) మాత్రం వెనుదిరిగితే ఒకరు బలవుతారు. మిగతా చోట్ల మొహమాటపడకండి. నా దృష్టిలో ఈ గేమ్‌లో నేర్చుకోవాల్సిన మొదటి విద్య ఇదే.

ఇంకా కష్టంగా ఉంటే కొత్త క్యాంపెయిన్‌ను రేడియంట్ మోడ్‌లో మొదలుపెట్టండి. అందులో హీరోలు త్వరగా ఎదుగుతారు.

సందేహం: నా ల్యాప్‌టాప్‌లో విడిగా గ్రాఫిక్స్ కార్డు లేదు. ఈ గేమ్ నడుస్తుందా?

జవాబు: మామూలు ల్యాప్‌టాప్‌లోనూ నడుస్తుంది, బొమ్మలన్నీ 2డీయే. అనుమానముంటే స్టీమ్ అనే ఆన్‌లైన్ గేమ్ స్టోర్‌లో కొనండి. 14 రోజుల్లోపు, రెండు గంటలకన్నా తక్కువ ఆడి ఉంటే రీఫండ్ అడగొచ్చు.