కాలు ఇంకా అతకలేదు, ఇన్సూరెన్స్ వాళ్ళు రాజీకి రమ్మంటున్నారు, వెళ్ళాలా?

ప్రశ్న: సార్, మా ఆయన టైల్స్ మేస్త్రీ. 10 నెలల కింద కారు గుద్ది కుడికాలు మోకాలి కింద రెండు ఎముకలూ విరిగి చర్మం చీల్చుకుని బయటికొచ్చాయి. ప్రైవేట్ హాస్పిటల్లో డబ్బు కట్టి రాడ్ వేయించాం. ఇప్పటికీ అతకలేదు, తుంటి దగ్గర ఎముక తీసి అక్కడ పెట్టి మళ్ళీ ఆపరేషన్ చేయాలంటున్నారు. యాక్సిడెంట్ పరిహారం కోసం ట్రిబ్యునల్లో కేసు నడుస్తోంది. ఇన్సూరెన్స్ వాళ్ళు లోక్ అదాలత్‌లో సెటిల్ చేసుకుందాం అంటున్నారు, బంధువులేమో డాక్టర్ మీద కేసు వేయమంటున్నారు.

జవాబు: అమ్మా, ఆ రాజీ కాగితం మీద ఇప్పుడే సంతకం పెట్టొద్దు. లోక్ అదాలత్ అవార్డు, అంటే అక్కడ రాసే పరిహారం తీర్పు, కోర్టు డిక్రీతో సమానం, దాని మీద అప్పీలు ఉండదు. రేపు రెండో ఆపరేషన్‌కి లక్షలు అయ్యాయనో, కాలు పొట్టిదైందనో, లోపల చీము పట్టిందనో మళ్ళీ వెళ్తే వినే దిక్కుండదు. ట్రిబ్యునల్ తీర్పయినా అంతే, ఒకసారి అవార్డు ఇచ్చాక ఖర్చు పెరిగిందని ఇంకో అవార్డు ఇవ్వడానికి మోటారు వాహనాల చట్టంలో వీల్లేదు. అందుకే ముందు ముందు అయ్యే వైద్యం ఖర్చు కూడా ఇప్పుడే ఈ కేసులోనే అడగాలి, ఆపరేషన్‌కి ఎంతవుతుందో డాక్టర్ దగ్గర ఎస్టిమేట్ రాయించుకుని మీ లాయర్‌కి ఇవ్వండి.

ఇంకోటి, వైకల్యం శాతం. ఎముక అతికిందో లేదో, వంకరగా అతికిందో తేలకుండా పర్మనెంట్ డిసెబిలిటీ లెక్క ఎలా కడతారు? సదరం సర్టిఫికెట్ ఒక్కటి పెట్టేసి ఊరుకుంటే సరిపోదు, పరీక్ష చేసిన డాక్టర్ వచ్చి సాక్ష్యం చెప్పాలి. రాజ్‌కుమార్ వర్సెస్ అజయ్‌కుమార్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఏంటంటే, కాలికి ఎంత శాతం అన్నది కాదు, ఆ వైకల్యం వల్ల ఈ మనిషి సంపాదన ఎంత పోయింది అన్నది చూడాలి అని. మీ ఆయన రోజంతా గొంతుకూర్చుని టైల్స్ పరవాలి, మోకాలు మడవకపోతే ఆ పని పోయినట్టే, ఆఫీసులో కుర్చీలో కూర్చునే ఆయనకి అదే శాతం వచ్చినా నష్టం అంతుండదు. ఈ మాట కోర్టులో ఆయన నోటితోనే రావాలి, ఏ పని చేయలేకపోతున్నాడో విడమరిచి చెప్పించండి.

ఇక డాక్టర్ సంగతి. ఎముక అతకలేదు కాబట్టి డాక్టర్ తప్పే అని కోర్టు అనుకోదమ్మా. మోకాలి కింద ఎముకకి, ముఖ్యంగా చీలమండ వైపు భాగానికి, రక్తప్రసరణ తక్కువ, పైగా బయటికొచ్చిన ఎముక, సరైన వైద్యం చేసినా కొన్ని అతకవు. షుగర్ ఉన్నా, బీడీ సిగరెట్ తాగినా ఇంకా ఆలస్యం అవుతుంది, అవతలి లాయర్ ఇది తప్పకుండా అడుగుతాడు, అలవాటుంటే కేసు కోసం కాదు కాలి కోసం మాన్పించండి. తప్పు ఎక్కడుంటుందంటే, గాయం నుంచి చీము కారుతుంటే టెస్టు చేయించకుండా నెలల తరబడి బిళ్ళలతో నెట్టుకొచ్చినా, పిండికట్టు వేశాక వేళ్ళు మొద్దుబారి నొప్పి భరించలేక అరుస్తున్నా ఎవరూ కట్టు విప్పి చూడకపోయినా. 1968లో సుప్రీంకోర్టు తేల్చిన లక్ష్మణ్ జోషి కేసు కూడా విరిగిన కాలిదే, తొడ ఎముక విరిగిన 20 ఏళ్ళ కుర్రాడికి సరిగ్గా మత్తు ఇవ్వకుండా బలంగా లాగి సరిచేయబోతే షాక్‌తో చనిపోయాడు. డాక్టర్ తరఫున ఇది విరిగిన ఎముకలోంచి కొవ్వు రక్తంలో చేరడం వల్ల వచ్చిన చావు అని వాదించారు, కోర్టు ఒప్పుకోలేదు. అంటే కాంప్లికేషన్ అన్న మాట ఒక్కటీ డాక్టర్‌ని కాపాడదు, అలాగని కాంప్లికేషన్ వచ్చినంత మాత్రాన కేసూ నిలబడదు.

మీ ఆయన కేసులో ఏది జరిగిందో కేస్ షీట్ చూస్తేగానీ తెలీదు. రాతపూర్వకంగా అడిగితే 72 గంటల్లో రికార్డులు ఇవ్వాలి, రిసీవ్డ్ ముద్ర వేయించుకోండి, ఎక్స్‌రేలన్నీ తేదీల వారీగా పెట్టుకుని వేరే ఆర్థోపెడిక్ డాక్టర్‌కి చూపించండి. ఆయన కూడా తప్పు జరిగిందంటే అప్పుడు మీ జిల్లా కన్స్యూమర్ కమిషన్‌లోనే వేయొచ్చు, హాస్పిటల్ వేరే ఊళ్ళో ఉన్నా పర్లేదు, గడువు 2 ఏళ్ళు. యాక్సిడెంట్ కేసులో మాత్రం డాక్టర్ తప్పు రుజువు చేయాల్సిన పనే లేదు, డ్రైవర్ తప్పు చూపిస్తే చాలు, అందుకే మీ బలమంతా ముందు అక్కడ పెట్టండి. వచ్చే వాయిదాకి రెండో ఆపరేషన్ కాగితాలు దాఖలు చేసి టైమ్ అడగమని మీ లాయర్‌తో చెప్పండి.