లౌ యే మీద చైనాకు అంత కోపం ఎందుకు?

చైనాలో సినిమా తీస్తే సరిపోదు, బయటి దేశాల చిత్రోత్సవాలకు పంపాలన్నా ప్రభుత్వ అనుమతి ఉండాలి. 1965లో షాంఘైలో పుట్టిన సినిమా దర్శకుడు లౌ యేకి పేచీ వచ్చింది ముఖ్యంగా ఇక్కడే. తన సినిమా ‘సుజౌ రివర్’ని అడక్కుండా నెదర్లాండ్స్‌లోని రోటర్‌డామ్ చిత్రోత్సవంలో చూపించినందుకు రెండేళ్లు నిషేధం పడింది.

అసలు గొడవ 2006లో. ‘సమ్మర్ ప్యాలెస్’ ఒక విద్యార్థుల ప్రేమకథ, కానీ వెనకాల 1989 తియానన్మెన్ ఉద్యమం (బీజింగ్‌లో ప్రజాస్వామ్యం కోసం విద్యార్థులు చేసింది, ప్రభుత్వం సైన్యంతో అణచివేసింది) ఉంది. అనుమతి రాకముందే దాన్ని ఫ్రాన్స్‌లోని కాన్ చిత్రోత్సవానికి తీసుకెళ్లాడు. బొమ్మ, సౌండ్ నాణ్యత బాగాలేదని అధికారులు అన్నారు (నమ్మేవాళ్లు నమ్మొచ్చు!). ఈసారి ఐదేళ్ల నిషేధం. శృంగార దృశ్యాలూ ఎక్కువే గానీ, నా దృష్టిలో అసలు కారణం ఆ 1989 ప్రస్తావనే.

ఆయన మాత్రం చేతులు కట్టుకుని కూర్చోలేదు. నాన్‌జింగ్‌లో చిన్న డిజిటల్ కెమెరాతో గుట్టుగా ‘స్ప్రింగ్ ఫీవర్’ తీశాడు. స్వలింగ ప్రేమకథ అది. 2009లో కాన్‌లో దానికి ఉత్తమ స్క్రీన్‌ప్లే అవార్డు వచ్చింది.

నిషేధం ముగిశాక 2012లో ‘మిస్టరీ’ విడుదలకు ముందు సెన్సార్ మళ్లీ కోతలు అడిగితే, దర్శకుడిగా తన పేరే తీసేయించుకున్నాడు. 2024లో కోవిడ్ లాక్‌డౌన్ మీద తీసిన సినిమాకి తైవాన్‌లో ఇచ్చే గోల్డెన్ హార్స్ సినిమా అవార్డుల్లో ఉత్తమ చిత్రం, ఉత్తమ దర్శకుడు రెండూ దక్కాయి.