స్నేక్ ప్లాంట్ మెత్తబడుతోంది

ప్రశ్న: గాలి శుభ్రమవుతుందని హాల్లో ఆరు స్నేక్ ప్లాంట్లు పెట్టాను. రోజూ నీళ్లు పోస్తున్నా రెండు మొదలు దగ్గర మెత్తబడి వాలిపోయాయి. ఇంకొన్ని కొనమంటారా?

జవాబు: కొనకండి. ముందు ఆ నీళ్ల మగ్గు దాచేయండి! వేర్లు కుళ్లాయి. మట్టి అడుగుదాకా ఎండాకే నీళ్లు పోయాలి. గట్టిగా ఉన్న ఆకు పైభాగం కోసి, నాలుగు రోజులు ఆరనిచ్చి, ఇసుక కలిపిన మట్టిలో గుచ్చండి. పిలకలకు నెలలు పడుతుంది. పసుపు అంచు రకమైతే పిలకలకు ఆ అంచు రాదు. నాకు అలా పచ్చగా వస్తే, మొక్క మారిపోయిందేమోనని కంగారుపడ్డాను.

గాలి సంగతంటారా, 1989లో నాసా పరీక్షించింది మూసిన పెట్టెల్లో. మామూలు గదిలో కిటికీ తెరిస్తే వచ్చే ఫలితం రావాలంటే చదరపు మీటరుకు కనీసం పది మొక్కలు కావాలని 2019 నాటి సమీక్ష తేల్చింది. ఇక సోఫా ఎక్కడ వేస్తారు?