కర్ర ఊపేవాడు లేకుండా ఎలా వాయిస్తారండీ?

ప్రశ్న: న్యూయార్క్‌లో ఉంటున్న మా అమ్మాయి ఓ కచేరీ వీడియో పంపిందండి. ముప్పై మంది దాకా వయొలిన్లూ అవీ వాయిస్తున్నారు గానీ ఎదురుగా నిలబడి కర్ర ఊపే మనిషే లేడు. ఓర్ఫియస్ ఛాంబర్ ఆర్కెస్ట్రా అంట. మా వైపు పెళ్ళిళ్ళలో సన్నాయి మేళానికీ ఎవరూ కర్ర ఊపరనుకోండి, కానీ వాళ్ళు నలుగురైదుగురే కదా. ఇంతమంది ఎలా కలుస్తారు?
– ఓ పాఠకురాలు, రాజోలు

జవాబు: మంచి పాయింటే పట్టారండి. మేళంలో సన్నాయి పెద్దాయన ఎటు పోతే డోలు అటే పోతుంది, లీడర్ ఎవరో అందరికీ తెలుసు. ఓర్ఫియస్‌లో తిరకాసేంటంటే ఐటమ్ ఐటమ్‌కీ ఆ లీడరే మారిపోతాడు. 1972లో జూలియన్ ఫైఫర్ అనే చెల్లో (కూర్చుని వాయించే పెద్ద వయొలిన్ లాంటిది) కళాకారుడు ఇంకొంతమందిని కూడగట్టి మొదలుపెట్టాడు. మొదట్లో అన్నిటిమీదా అందరూ అభిప్రాయం చెప్పేవాళ్ళట, ఇక రిహార్సల్ తెమిలితే ఒట్టు. అందుకని ఒక్కో రచనకి కొంతమందిని కోర్ గ్రూపుగా పెట్టుకుని, స్పీడ్ ఎంత, ఎక్కడ తగ్గాలి, ఎక్కడ లేవాలి అన్నది వాళ్ళు ముందే తేల్చేసుకుని ఆ తర్వాతే మిగతావాళ్ళని పిలవడం మొదలెట్టారు. రిహార్సల్ మధ్యలో ఎవరో ఒకరు స్టేజీ దిగి కుర్చీల్లోకి వెళ్ళి వింటారు, చెల్లోలు వినపడట్లేదు, ఊదే వాద్యాలు మింగేస్తున్నాయి అని అక్కణ్ణుంచే చెప్తారు. టైమ్ మాత్రం బోలెడు పడుతుంది, కర్ర లేనందుకు కట్టే ఖరీదు అదే. స్ట్రావిన్‌స్కీ అనే రష్యన్ స్వరకర్త రచనల ఆల్బమ్‌కి 2001లో గ్రామీ కూడా కొట్టారు. బాస్ లేకుండా పని ఎలా జరుగుతోందో చూద్దామని హార్వర్డ్ ప్రొఫెసర్ రిచర్డ్ హాక్‌మన్ వీళ్ళని స్టడీ చేశాడు.

వీళ్ళే మొదటివాళ్ళేం కాదులెండి. మాస్కోలో 1922లోనే పెర్సిమ్‌ఫాన్స్ అని కండక్టర్ (మీరన్న కర్ర ఊపే మనిషే) లేని పెద్ద ఆర్కెస్ట్రా పెట్టారు, ఒకళ్ళ మొహం ఒకళ్ళకి కనపడాలని గుండ్రంగా కూర్చునేవాళ్ళు, దాంతో కొందరి వీపులు జనం వైపు ఉండేవి. పదేళ్ళు నడిచింది. కర్ర పట్టినా గండమే లెండి, ఇంకా వెనక్కెళ్తే ఫ్రాన్స్‌లో లుల్లీ అనే స్వరకర్త పెద్ద కర్రతో నేలమీద కొడుతూ తాళం వేయబోయి తన కాలిమీదే కొట్టుకుని, ఆ పుండు ముదిరి 1687లో పోయాడు పాపం.

మళ్ళీ ఆ వీడియో పెట్టి మొదటి వయొలిన్ మనిషిని చూడండి. మొదలెట్టే ముందు వయొలిన్ కాస్త పైకెత్తి ఊపిరి పీలుస్తారు, అంతే, అందరి కమానులూ ఒక్కసారే కదుల్తాయి. రెండో ఐటమ్‌కి ఆ కుర్చీలో వేరేవాళ్ళు కనపడ్డా కంగారుపడకండి.

ప్రశ్న: మరి కండక్టర్ దండగేనా?
– పాలకొల్లు పాఠకుడు

జవాబు: అబ్బే, అదేం లేదండి. మాహ్లర్ అనే స్వరకర్త రాసిన, వంద మంది వాయించే సింఫనీకి కర్ర లేకపోతే గోలగోలే. లండన్‌లో అకాడమీ ఆఫ్ సెయింట్ మార్టిన్ ఇన్ ద ఫీల్డ్స్ అనే ఆర్కెస్ట్రా ఉంది, ట్రఫాల్గర్ స్క్వేర్ పక్కనున్న చర్చి పేరే పెట్టుకున్నారు. 1958లో నెవిల్ మారినర్ దాన్ని కండక్టర్ లేకుండానే మొదలుపెట్టి, తను కూడా వయొలిన్ వాయిస్తూనే నడిపాడు, తీరా బృందం పెరిగి రచనలూ పెద్దవయ్యేసరికి లేచి కర్ర పట్టుకోక తప్పలేదు. 1984లో స్వరకర్త మోజార్ట్ మీద వచ్చిన అమెడియస్ సినిమాకి వాయించింది వీళ్ళే, చర్చి పేరు ప్రపంచమంతా మోగింది. తమాషా ఏంటంటే 2011లో వాళ్ళకి మ్యూజిక్ డైరెక్టర్‌గా వచ్చిన జాషువా బెల్ మళ్ళీ మొదటి వయొలిన్ కుర్చీలో కూర్చునే నడిపిస్తాడు, ఎక్కువగా.